కరోనా లెక్కలన్నీ ఒకే షీట్‌లోకి: ప్రాజెక్టు డైరీ, చేసిన 13 తప్పులతో సహా

ఎవరైనా ఇదే పని చేద్దామనుకుంటే నేను పడ్డ గుంతల్లో మళ్ళీ పడకూడదని రాస్తున్నా. పని ఏంటంటే, కరోనా వల్ల ప్రపంచం మొత్తం మీద ఆరోగ్యానికి జరిగిన నష్టం, అంటే కేసులు, మరణాలు, అదనపు మరణాలు (మామూలుగా అయ్యేవాటి కన్నా ఎక్కువైనవి), ఆయుర్దాయం తగ్గుదల, ఇవన్నీ ఒక్క షీట్‌లో పెట్టడం. ప్రతి అంకె పక్కన అది ఎక్కడిది, ఏ తేదీ నుంచి ఏ తేదీ దాకా అని రాయడం. రెండు సాయంత్రాల పని అనుకున్నా, ఏడు వారాలు పట్టింది.

వాడినవి: పాత ల్యాప్‌టాప్, పైథాన్ (ప్రోగ్రాములు రాసే భాష), పాండాస్ (పైథాన్‌లో పట్టికల పని చేసిపెట్టే లైబ్రరీ), లిబ్రాఫీస్ కాల్క్ (ఎక్సెల్ లాంటి ఉచిత స్ప్రెడ్‌షీట్), ఒక రూళ్ళ నోట్‌బుక్, పెన్ను. నోట్‌బుక్ ఎందుకంటారా, దశ 7 చూడండి.

దశ 1: మొదటి కూడికే తప్పు

అవర్ వరల్డ్ ఇన్ డేటా (దేశాల లెక్కలు పోగుచేసి పెట్టే వెబ్‌సైట్) వాళ్ళ పెద్ద సీఎస్‌వీ (పట్టిక ఫైలు) దింపా. ప్రతి లొకేషన్‌కి చివరి తేదీ మరణాల మొత్తం తీసి కూడేశా. దాదాపు 2.9 కోట్లు వచ్చింది.

ఇక్కడ అసలు ప్రమాదం ఏంటంటే, ఆ అంకె చూసి నాకు అనుమానమే రాలేదు. అదనపు మరణాల అంచనాలు కోటిన్నర, రెండు కోట్లు అని ఎక్కడో చదివున్నా కదా, 2.9 కోట్లంటే అబ్బో అనిపించింది గానీ నమ్మేశా. ఒక రోజంతా దాని మీదే చార్టులు గీసుకుంటూ కూర్చున్నా. 2,900 కోట్లు వచ్చుంటే అప్పుడే పట్టుకునేవాణ్ణి.

కారణం: ఆ ఫైలులో దేశాలతో పాటు 'వరల్డ్' అని ఒక లొకేషన్, ఆసియా, యూరప్ లాంటి ఖండాలు, ఎక్కువ ఆదాయం తక్కువ ఆదాయం గుంపులు, యూరోపియన్ యూనియన్, ఇవన్నీ కూడా దేశాల వరసలోనే ఉంటాయి. అంటే ఒక్కో మరణం నాలుగు సార్లు లెక్కలోకి వచ్చింది, యూరోపియన్ యూనియన్‌లో అయితే ఐదు సార్లు. అధికారికంగా నమోదైంది 70 లక్షల చిల్లర, నాలుగు పెట్టి గుణించి యూరోపియన్ యూనియన్ వాటా కలిపి చూడండి, సరిగ్గా అక్కడికే వస్తుంది.

సరిచేసిన విధానం:
1. ఖండం కాలమ్ ఖాళీగా ఉన్న వరసలన్నీ తీసేశా.
2. మిగిలిన దేశాల అంకెలు కూడేశా.
3. ఆ మొత్తాన్ని 'వరల్డ్' వరసతో పోల్చా. తేడా అర శాతం దాటితే స్క్రిప్ట్ (నా పైథాన్ ప్రోగ్రాం) ఆగిపోయేలా పెట్టా.

మూడో స్టెప్ తర్వాత చాలాసార్లు కాపాడింది. కూడిక చేసే ముందే జవాబు ఎంత ఉండాలో నోట్‌బుక్‌లో రాసుకోవడం కూడా ఇక్కడే మొదలైంది.

ఇప్పటిదాకా: 5 గంటలు, 1 తప్పు, నమ్మదగ్గ అంకెలు 0.

దశ 2: జాన్స్ హాప్‌కిన్స్ ఫైలు, తేదీల గోల

అమెరికాలోని జాన్స్ హాప్‌కిన్స్ యూనివర్సిటీ కరోనా డాష్‌బోర్డ్ 2020 జనవరి 22న మొదలై 2023 మార్చి 10న ఆగిపోయింది. ఆగేనాటికి దాని మీద ఉన్నవి 67,66,09,955 కేసులు, 68,81,955 మరణాలు. ఫైలులో చివరి కాలమ్ మాత్రం మార్చి 9ది, అందుకే కూడితే దీనికన్నా కాస్త తక్కువ వస్తుంది. ఆ చిన్న తేడా కోసం గంట వెతికా, మీరు వెతక్కండి.

ఫైలు అడ్డంగా ఉంటుంది: 289 వరసలు, ఒక్కో రోజుకి ఒక కాలమ్ చొప్పున 1,143 తేదీలు. నిలువుగా తిప్పితే 3,30,327 వరసలు. కాల్క్‌లో తెరిస్తే ల్యాప్‌టాప్ ఫ్యాన్ విమానంలా మోగింది, అందుకే తిప్పే పని పాండాస్‌కి ఇచ్చి కాల్క్‌ని చివరి పట్టికలకే ఉంచుకున్నా. స్ప్రెడ్‌షీట్‌లో వరసల పరిమితి తమాషా కాదు. 2020లో ఇంగ్లండ్‌లో పాత ఎక్సెల్ ఫార్మాట్‌కి ఉన్న 65,536 వరసల హద్దు వల్ల 15,841 కేసులు కొన్ని రోజులు లెక్కలోకే రాలేదు, అందులో ఉన్నవాళ్ళ కాంటాక్టులని వెతకడం కూడా అంతే ఆలస్యమైంది.

తప్పు 2. తేదీలు ఆ ఫైలులో నెల ముందు, రోజు తర్వాత ఉంటాయి. నేను అలవాటు కొద్దీ రోజు ముందు అని సెట్ చేశా. 12 దాటిన రోజులు ఎలాగూ నెల కాలేవు కాబట్టి పాండాస్ వాటిని సరిగ్గానే చదివింది, మిగతావన్నీ తిరగబడ్డాయి, మార్చి 4 కాస్తా ఏప్రిల్ 3 అయ్యి కూర్చుంది. ఎర్రర్ ఏమీ రాలేదు. గ్రాఫ్ రంపం పళ్ళలా వచ్చింది, 'వీకెండ్ ఎఫెక్ట్ అయ్యుంటుందిలే' అని నాకు నేనే సర్దిచెప్పుకున్నా. మొత్తం మరణాలు ఎప్పుడైనా పెరగాలి గానీ ఇలా పడి లేవడం ఏంటి అని రెండో రోజు వెలిగింది. ఫార్మాట్‌ని చేత్తో రాసి ఇవ్వండి, ఊహించుకోమని దానికి వదిలేయొద్దు.

తప్పు 3. 'రికవర్డ్' (కోలుకున్నవాళ్ళ) ఫైలు కూడా దింపి యాక్టివ్ కేసులు లెక్కేద్దామనుకున్నా. నేతి బీరకాయలో నెయ్యి ఎంతో ఈ ఫైలులో రికవరీలు అంత. 2021 ఆగస్టు మొదట్లో వాళ్ళు ఆ లెక్క ఆపేశారు, అక్కణ్ణుంచి అన్నీ సున్నాలే. పైగా కెనడా మిగతా రెండు ఫైళ్ళలో (కేసులవి, మరణాలవి) రాష్ట్రాల వారీగా ఉంటే ఇందులో ఒకే వరస, అందుకని జత కలపబోతే వరసలు ఒకదానికొకటి సరిపోవు. ఈ ఫైలు మొత్తం పక్కన పడేశా.

ఇంకోటి, దేశాల వరసలో దేశాలు కానివి కూడా ఉంటాయి: డైమండ్ ప్రిన్సెస్ ఓడ, జాన్‌డామ్ ఓడ, టోక్యో ఒలింపిక్స్, వింటర్ ఒలింపిక్స్, అంటార్కిటికా. ప్రపంచ మొత్తంలో ఉంచా, దేశాల ర్యాంకుల్లోంచి తీసేశా. ఓడకి జనాభా ఎక్కడ తెస్తాం.

సరిచూసుకోవడానికి ఆనాటి వార్తల తేదీలు పట్టుకున్నా:
1. 10 లక్షల మరణాలు: 2020 సెప్టెంబర్ ఆఖరు
2. 20 లక్షలు: 2021 జనవరి 15
3. 30 లక్షలు: 2021 ఏప్రిల్ 17
4. 40 లక్షలు: 2021 జూలై మొదటి వారం
5. 50 లక్షలు: 2021 నవంబర్ 1
6. 60 లక్షలు: 2022 మార్చి 7

మొదటి మరణం వూహాన్ నుంచి బయటికి తెలిసింది 2020 జనవరి 11న. అక్కణ్ణుంచి మొదటి పది లక్షలకి ఎనిమిదిన్నర నెలలు పట్టింది, రెండో పది లక్షలకి మూడున్నర, మూడో దానికి మూడు, నాలుగోది మూడు నెలలు కూడా పట్టలేదు. తర్వాత మళ్ళీ నెమ్మదించింది. నా ఫైలు ఇచ్చిన తేదీలు వీటికి కొన్ని రోజులు అటూ ఇటూ వస్తున్నాయి, ఎందుకంటే కొన్ని దేశాలు తర్వాత దొరికిన మరణాలని పాత తేదీల్లో సర్దాయి. అది తప్పు కాదు, అలాగే వదిలేశా.

ఇప్పటిదాకా: 13 గంటలు, 3 తప్పులు, నమ్మదగ్గ అంకెలు 2.

దశ 3: నమీబియా మాయం

చిన్నదే గానీ రాయకుండా ఉండలేను. ప్రపంచ ఆరోగ్య సంస్థ ఫైలులో దేశాలకి రెండక్షరాల కోడ్ ఉంటుంది. నమీబియా కోడ్ 'ఎన్ ఏ'. పాండాస్ ఆ రెండక్షరాలు చూడగానే 'ఖాళీ గడి' అనుకుంటుంది, కోడ్ వారీగా గుంపులు చేస్తే ఆ ఖాళీ గడులని చప్పుడు చేయకుండా వదిలేస్తుంది. ఒక దేశం, నాలుగు వేలకి పైగా నమోదైన మరణాలు, ఏ ఎర్రరూ లేకుండా పోయాయి.

ప్రపంచ మొత్తంలో ఇది ఒక శాతంలో పదో వంతు కూడా కాదు కాబట్టి నా అర శాతం చెక్‌కి దొరకలేదు. దేశాలు లెక్కపెడితే ఒకటి తగ్గింది, అప్పుడు దొరికింది. మొత్తాలే కాదు, వరసల సంఖ్య కూడా ప్రతిసారీ సరిచూడాలి. ఖాళీ గుర్తులని ఊహించొద్దని ఫైలు చదివేటప్పుడే ఆప్షన్ పెట్టేస్తే సరిపోతుంది.

ఇప్పటిదాకా: 15 గంటలు, 4 తప్పులు.

దశ 4: రెండు మంచి ఫైళ్ళు, ఎనిమిది కోట్ల తేడా

జాన్స్ హాప్‌కిన్స్ 2023 మార్చిలో ఆగింది కాబట్టి అక్కడిదాకా అది, ఆ తర్వాత ప్రపంచ ఆరోగ్య సంస్థది అతికిద్దామనుకున్నా. అతికిన చోట కేసులు ఒక్క రోజులో ఎనిమిది కోట్ల పైన ఎగిరాయి. ఒకటి 67.7 కోట్లు అంటుంటే రెండోది అదే నెలకి దాదాపు 76 కోట్లు అంటుంది.

రెండు రోజులు దేశం దేశం పక్కపక్కన పెట్టి చూశా. తేడాలో సింహభాగం ఒక్క చైనాదే. 2022 డిసెంబర్‌లో చైనా ఆంక్షలు ఎత్తేశాక వచ్చిన వేవ్‌ని ప్రపంచ ఆరోగ్య సంస్థ ఫైలు లెక్కలోకి తీసుకుంది, ఇప్పుడందులో చైనా కేసులు 9.9 కోట్ల పైన ఉంటాయి. జాన్స్ హాప్‌కిన్స్‌లో అదే చైనాకి 49 లక్షలు. మరణాల్లో తేడా అంత లేదు, ఎందుకంటే 2022 డిసెంబర్ 8 నుంచి 2023 జనవరి 12 దాకా ఆసుపత్రుల్లో 59,938 మంది చనిపోయారని చైనా ప్రకటించిన అంకె దాదాపుగా రెండిట్లోనూ చేరింది.

అంటే ఎవరూ తప్పు కాదు, అతికిన నేనే తప్పు. బోడిగుండుకీ మోకాలికీ ముడి వేసినట్టు. మార్చింది ఇదీ:
1. అతుకు పీకేశా. రెండు మూలాలు, రెండు కాలమ్‌లు.
2. పేజీ పైన కనిపించే మొత్తం ప్రపంచ ఆరోగ్య సంస్థది ఒక్కటే: 2025 మొదటికి దాదాపు 77.7 కోట్ల కేసులు, 71 లక్షల మరణాలు.
3. షీట్‌లో 'ఏం లెక్కపెట్టారు' అని కొత్త కాలమ్. ఇది దశ 1లోనే పెట్టుండాల్సింది.

ఇక్కడే ఇంకో కాలమ్ తీసేశా: మరణాలని కేసులతో భాగించే శాతం. ఇప్పటి మొత్తాలతో 0.9 శాతం వస్తుంది, 2020 ఏప్రిల్ ఆఖరుకి చేస్తే 7 శాతం దగ్గర వస్తుంది. వైరస్ ఎనిమిది రెట్లు మెత్తబడిందని కాదు, అప్పట్లో టెస్టులు సీరియస్‌గా ఉన్నవాళ్ళకే చేశారు, కింద ఉన్న అంకె చిన్నది కాబట్టి పైన శాతం పెద్దది. తర్వాత టీకాలు, ముందే సోకి వచ్చిన రక్షణ, కొత్త వేరియంట్లు అన్నీ కలిశాయి, ఇంటి దగ్గర కిట్‌తో చేసుకున్న టెస్టులైతే అసలు లెక్కలోకే రాలేదు. ఒక్క శాతంలో ఇన్ని కలిసిపోయాక దాన్ని టేబుల్‌లో పెడితే చూసినవాళ్ళు తప్పుగానే చదువుతారు.

ఇప్పటిదాకా: 22 గంటలు, 5 తప్పులు, నమ్మదగ్గ అంకెలు 4.

దశ 5: చనిపోయినవాళ్ళు తగ్గడం ఏంటి

రోజువారీ మరణాల్లో మైనస్ అంకెలు వచ్చాయి. 2020 మే 25న స్పెయిన్‌కి మైనస్ 1,900 పైన. నేను చేసిన పని, మైనస్ అయితే సున్నా అని ఒక లైన్ రాసి ముందుకెళ్ళిపోయా. తర్వాత రోజువారీవి మళ్ళీ కూడితే స్పెయిన్ మొత్తం అసలు మొత్తం కన్నా సరిగ్గా అంతే ఎక్కువొచ్చింది. ఇలా ప్రతి దేశంలో కొంచెం కొంచెం పేరుకుంది. తప్పు 6.

మైనస్ అంటే డేటా చెడిపోయిందని కాదు, ఎవరో వెనక్కి వెళ్ళి లెక్క సరిచేశారని. అలాంటివి ఒక్కోటీ ఏంటో చదివి నోట్‌బుక్‌లో రాసుకున్నా, ఈ ప్రాజెక్టు మొత్తంలో నాకు బాగా నచ్చిన పేజీ అదే:

1. వూహాన్, 2020 ఏప్రిల్ 17: 1,290 మరణాలు కలిపారు, 2,579 కాస్తా 3,869 అయ్యింది.
2. బ్రిటన్, 2020 ఆగస్టు 12: పాజిటివ్ వచ్చిన 28 రోజుల్లోపు చనిపోతేనే లెక్క అని నిర్వచనం మార్చారు, 46,706 ఒక్కసారిగా 41,329కి దిగింది. 5,377 తగ్గాయి, మనుషులెవరూ తిరిగి రాలేదు.
3. పెరూ, 2021 మే 31: నిర్వచనం విస్తరించారు, 69,342 నుంచి 1,80,764కి పెరిగింది. రెండున్నర రెట్ల పైన.
4. భారత్, 2021 జూన్ 10: ఒక్క రోజు లెక్క 6,148, ఎందుకంటే బీహార్ అంతకుముందు లెక్కలో రాని దాదాపు 4 వేల మరణాలని అప్పుడు కలిపింది.

బెల్జియం అయితే మొదటి నుంచీ టెస్టు లేకపోయినా అనుమానం ఉంటే వృద్ధాశ్రమాల్లోని మరణాలు కూడా కలిపింది. అందుకే 2020లో దాని రేటు పక్క దేశాల కన్నా బాగా ఎక్కువ కనిపించింది. మరణ ధ్రువీకరణలో కూడా రెండు కోడ్‌లు ఉన్నాయి, వైరస్ టెస్టులో తేలితే యూ07.1, తేలకపోయినా డాక్టరు కరోనాయే అని నిర్ధారిస్తే యూ07.2. ఏ దేశం ఏది కలిపిందో తెలీకుండా ర్యాంకులు వేయడం దండగ అని అక్కడే అర్థమైంది. కానీ ర్యాంకుల టేబుల్ తీసేయలేదు, అందరూ ముందు అదే అడుగుతారు. లక్షల్లో, జాన్స్ హాప్‌కిన్స్ ఆగేనాటికి: అమెరికా 11.2, బ్రెజిల్ 7.0, భారత్ 5.3, రష్యా 3.9, మెక్సికో 3.3. జనాభాతో భాగిస్తే పైకి వచ్చేది పెరూ, పది లక్షల మందికి 6,400 దగ్గర. పెరూ పైన ఉండటానికి ఒక కారణం అది తన లెక్క తానే ఒప్పుకుని సరిచేయడం. ఈ మాట టేబుల్ కింద పెద్ద అక్షరాల్లో పెట్టా.

మార్పు: సున్నా చేసే లైన్ తీసేసి 'సర్దుబాటు' అని ఒక ఫ్లాగ్ కాలమ్ పెట్టా. చార్ట్‌లో ఆ రోజులు బోలు చుక్కలుగా వస్తాయి. ఏడు రోజుల సగటు ఒక్క చార్ట్‌కే, లెక్కలన్నీ ముడి అంకెల మీదే.

ఇప్పటిదాకా: 28 గంటలు, 6 తప్పులు.

దశ 6: సున్నా వేరు, ఖాళీ వేరు

మ్యాప్ వేశా. ఖాళీ గడుల్లో ముందు రోజు అంకెనే నింపేలా సెట్ చేశా, సగం ట్యుటోరియల్స్‌లో అదే చెప్తారు. టాంజానియా ఎంతో ఆరోగ్యంగా కనిపించింది. అసలు సంగతి, ఆ దేశం 2020 మేలో 509 కేసులు, 21 మరణాల దగ్గర లెక్క చెప్పడమే ఆపేసింది, ఏడాదికి పైగా అంకె కదల్లేదు. నా స్క్రిప్ట్ దాన్ని 'కొత్త మరణాలు సున్నా' అని చదివింది. తుర్క్‌మెనిస్తాన్ కేసులే లేవంది. ఉత్తర కొరియా 2022 మేలో గానీ ఒప్పుకోలేదు, తర్వాత చెప్పిన మొత్తం మరణాలు 74. తప్పు 7.

మ్యాప్‌లో ఇప్పుడు మూడు రకాలు: అంకె ఉన్నవి రంగుతో, నిజంగా సున్నా చెప్పినవి తెల్లగా, లెక్క చెప్పనివి బూడిద గీతలతో. గీతలు గీయడానికే ఒక సాయంత్రం పోయింది.

ఇది ఒకటి రెండు దేశాల తేడా కాదు. మామూలు రోజుల్లోనే ప్రపంచంలో పదిలో నాలుగు మరణాలు ఎక్కడా రిజిస్టరు కావని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో చెప్పింది, ఆఫ్రికా ప్రాంతంలో అయితే రిజిస్టరయ్యేదే పదిలో ఒకటి.

ఇప్పటిదాకా: 32 గంటలు, 7 తప్పులు.

దశ 7: అదనపు మరణాలు, ఎక్కువ టైము పోయింది ఇక్కడే

పద్ధతి చెప్పడానికి తేలిక. మామూలుగా ఆ ఏడాది ఎంతమంది చనిపోయేవాళ్ళో అంచనా వేయి, నిజంగా చనిపోయినవాళ్ళలోంచి అది తీసేయి. టెస్టులతో, నిర్వచనాలతో పని లేదు. చేయబోతే మాత్రం 'మామూలుగా' అన్న మాట దగ్గరే మూడు సాయంత్రాలు ఆగిపోయా.

స్క్రిప్ట్ జపాన్‌కి 2020లో 36 వేల అదనపు మరణాలు చూపించింది. చదివినవన్నీ జపాన్‌లో ఆ ఏడాది మరణాలు తగ్గాయనే చెప్తున్నాయి. ఈసారి ల్యాప్‌టాప్ మూసి నోట్‌బుక్‌లో చేత్తో చేశా, మీరూ చేసి చూడండి, లక్షల్లో:

1. 2015 నుంచి 2019 దాకా మరణాలు: 12.91, 13.08, 13.41, 13.62, 13.81.
2. ఐదేళ్ళ సగటు: 13.37.
3. 2020లో నిజంగా: 13.73. తేడా ప్లస్ 36 వేలు. స్క్రిప్ట్ చెప్పింది ఇదే.
4. కానీ ఆ ఐదు అంకెలు ఏటా ఎక్కుతూనే ఉన్నాయి, ఏడాదికి సుమారు 23,500 చొప్పున, జనాభా ముసలిదవుతోంది కాబట్టి.
5. అదే గీత పొడిగిస్తే 2020కి రావాల్సింది 14.07.
6. 13.73 లోంచి 14.07 తీసేస్తే మైనస్ 34 వేలు.

అవే అంకెలు, అదే దేశం, ఒకసారి ప్లస్ 36 వేలు, ఒకసారి మైనస్ 34 వేలు. డెబ్బై వేల మనుషుల తేడా నేను ఎంచుకున్న గీతలో ఉంది. ఫ్లూ, న్యుమోనియా ఆ ఏడాది తగ్గాయి కాబట్టి మైనస్సే నిజానికి దగ్గర. సగటు తీసేసి గీత పెట్టా, కార్లిన్‌స్కీ, కోబాక్ అనే పరిశోధకులు కలిసి చేసిన వరల్డ్ మోర్టాలిటీ డేటాసెట్‌లో కూడా ఇదే పద్ధతి, వందకి పైగా దేశాల డేటా దొరుకుతుంది. (2020 లీపు సంవత్సరం, జపాన్‌కి ఒక రోజంటే దాదాపు 3,800 మరణాలు. ఇదీ నోట్ చేసుకోండి.)

గీత కూడా దేవుడేం కాదు. ప్రపంచ ఆరోగ్య సంస్థ మోడల్‌లో జర్మనీకి వాడిన వంపు గీత ఒక ఏడాది చిన్న తగ్గుదలని పట్టుకుని కిందికి వంగింది, మామూలు మరణాలు తక్కువని అంచనా వేసింది, దాంతో అదనపు మరణాలు 1,95,000 అని వచ్చాయి. తర్వాత సరిచేస్తే 1,22,000. స్వీడన్ మాత్రం 11,300 నుంచి 13,400కి పెరిగింది. అంత పెద్ద టీమ్‌కే అలా అయ్యిందని చదివాక నా జపాన్ సంగతికి సిగ్గు కొంచెం తగ్గింది.

వారం వారీ డేటాలో ఇంకో గుంత: 2020లో 53 వారాలున్నాయి. అంతకుముందు ఐదేళ్ళలో 53వ వారం ఉన్నది 2015కి ఒక్కదానికే. నా స్క్రిప్ట్ 53వ వారానికి సగటు ఆ ఒక్క ఏడాదితోనే తీసింది, డిసెంబర్ చివర ప్రతి దేశంలో ఒక మెట్టు వచ్చింది. 52వ వారం అంచనానే 53కి వాడి సరిపెట్టా. చివరి కొన్ని వారాలు కూడా కోసేయాలి, ఎందుకంటే రిజిస్ట్రేషన్లు ఆలస్యంగా వస్తాయి, ఇంగ్లండ్, వేల్స్ లెక్క అయితే రిజిస్టరైన తేదీ ప్రకారం, సెలవులొస్తే చావులు తగ్గినట్టు కనిపిస్తుంది.

తర్వాత ప్రపంచం మొత్తానికి పెద్ద అంచనాలు తెచ్చి పెట్టా. అన్నీ 2020, 2021 రెండేళ్ళకే:
1. ప్రపంచ ఆరోగ్య సంస్థ, 2022 మే: 1.49 కోట్లు (1.33 నుంచి 1.66 దాకా)
2. అమెరికాలోని ఐహెచ్ఎంఈ (వాషింగ్టన్ యూనివర్సిటీలోని ఆరోగ్య గణాంకాల సంస్థ), 2022 మార్చి: 1.82 కోట్లు (1.71 నుంచి 1.96 దాకా)
3. అదే ఐహెచ్ఎంఈ, 2024లో మళ్ళీ చేసింది: 1.59 కోట్లు

ఇక్కడ రెండు తప్పులు చేశా. మొదటిది పరమ చెత్తది, 14.9 మిలియన్‌ని 14.9 కోట్లుగా కొట్టేశా. మిలియన్ అంటే పది లక్షలు, పది మిలియన్లయితే కోటి, వంద కోట్లయితే బిలియన్. తెలిసిందే, రాత్రి పన్నెండింటికి తెలియలేదు. అప్పట్నుంచి ఏ మూలం నుంచి తెచ్చినా పక్క కాలమ్‌లో దాన్ని లక్షల్లోకి మార్చేది ఫార్ములానే, నా చెయ్యి కాదు. రెండోది మెల్లగా కొట్టింది: 1.49 కోట్లని 68.8 లక్షలతో పోల్చి '2.2 రెట్లు' అని రాసేశా. కానీ 68.8 లక్షలు 2023 మార్చి దాకా లెక్క. ఆ రెండేళ్ళలో నమోదైనవి 54.2 లక్షలు, దాంతో భాగిస్తే 2.75 రెట్లు.

దేశాల్లోకి దిగితే ఆ అదనపు మరణాల్లో 68 శాతం పది దేశాల్లోనే. అన్నిటికన్నా పెద్ద వాదన భారత్ వరస మీద: 2021 ఆఖరుకి అధికారిక లెక్క 4.8 లక్షలు, ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా 47 లక్షలు, ఐహెచ్ఎంఈది 40.7 లక్షలు. మోడల్ పద్ధతే సరికాదని భారత ప్రభుత్వం అభ్యంతరం చెప్పింది. షీట్‌లో మూడూ ఉన్నాయి, అభ్యంతరం కూడా పక్క గడిలో ఉంది.

ఇప్పటిదాకా: 47 గంటలు, 11 తప్పులు, నమ్మదగ్గ అంకెలు 11. (తప్పులు, నమ్మదగ్గ అంకెలు సమానమయ్యాయి, దీనికి టీ తాగా.)

దశ 8: మరణాలు కాని నష్టం, కూడకూడని అంకెలు

టీబీ మరణాలు 2020లో పదేళ్ళకి పైగా మొదటిసారి పెరిగాయి, సుమారు 15 లక్షలు. మలేరియా సేవలు ఆగిపోయి రెండేళ్ళలో అదనంగా 63 వేల మరణాలు. మామూలు టీకాలు పూర్తిగా అందని పిల్లలు 2021లో 2.5 కోట్లు. నేను ఈ మలేరియా, టీబీ పెరుగుదలని తీసుకెళ్ళి అదనపు మరణాలకి కలిపేశా. తప్పు 12. అదనపు మరణాలంటేనే అన్ని కారణాలూ కలిపి, అవి అప్పటికే అందులో ఉన్నాయి.

తప్పు 13, లాంగ్ కోవిడ్ (కరోనా సోకాక నెలల తరబడి లక్షణాలు వదలకపోవడం). 77.7 కోట్ల కేసులని 6 శాతంతో గుణించి 4.7 కోట్లు అని పెట్టా. 6.2 శాతం అనేది ఐహెచ్ఎంఈ అధ్యయనంలో లక్షణాలతో జబ్బు పడ్డవాళ్ళలో మూడు నెలల తర్వాత కూడా బాధపడేవాళ్ళ వాటా. నమోదైన కేసులు వేరు, అసలు సోకినవాళ్ళు వేరు. వాళ్ళ సొంత అంచనా ఆ రెండేళ్ళకే 14.5 కోట్ల మంది, హద్దులు 5.5 కోట్ల నుంచి 31.3 కోట్ల దాకా. నా ఫార్ములా చెరిపేసి ఆ హద్దులతో సహా పెట్టా. అంత వెడల్పు హద్దు ఉన్న అంకె షీట్‌లో ఇదొక్కటే, దాని గడికి వేరే రంగు.

మిగతావి వేరే ట్యాబ్‌లో, కూడిక గడి లేకుండా:
1. ఆయుర్దాయం: 2019 నుంచి 2021కి 1.8 ఏళ్ళు తగ్గి 71.4. ఒక్కో మనిషికి 1.8 ఏళ్ళు పోయాయని కాదు, ఆ ఏడాది మరణాల రేట్లే జీవితాంతం ఉంటే పుట్టిన బిడ్డ ఎన్నేళ్ళు బతుకుతుందన్న లెక్క.
2. ఆరోగ్య సిబ్బంది: 2020 జనవరి నుంచి 2021 మే దాకా 80 వేల నుంచి 1.8 లక్షల మంది మరణించి ఉంటారని అంచనా.
3. అమ్మనో నాన్ననో పెంచే పెద్దవాళ్ళనో పోగొట్టుకున్న పిల్లలు: 2022 మే 1 నాటికి 1.05 కోట్లు.
4. ఆందోళన, డిప్రెషన్: మొదటి ఏడాదిలో 25 శాతం పెరుగుదల.
5. టీకాల వల్ల మొదటి ఏడాదిలో ఆగిన మరణాలు: నమోదైన లెక్క మీద 1.44 కోట్లు, అదనపు మరణాల మీద చేస్తే 1.98 కోట్లు. ఇది జరగనిదాని అంచనా, వేటిలోంచీ తీసేయకూడదు, వేటికీ కలపకూడదు.

మూడో వరస టైప్ చేశాక ఆ రోజుకి ఆపేశా.

ఇప్పటిదాకా: 54 గంటలు, 13 తప్పులు, నమ్మదగ్గ అంకెలు 19.

ఇప్పుడు షీట్ ఎలా ఉంది, ఏం మిగిలింది

ప్రతి వరసలో ఏడు గడులు: అంకె, కింది హద్దు, పై హద్దు, మొదలు తేదీ, చివరి తేదీ, ఎవరిది, ఏం లెక్కపెట్టారు. హద్దు గడులు ఖాళీగా ఉంటే అది నమోదైన లెక్క, నిండితే అంచనా. రెండు రకాలూ ఒకే చార్ట్‌లో పెట్టబోతే స్క్రిప్ట్ ఒప్పుకోదు, ఆ గొళ్ళెం నేనే పెట్టా, నేనే రెండు సార్లు ఊడదీయబోయా.

ఇంకా చేయాల్సినవి:
1. 2023 ఆగస్టు తర్వాత ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్క వారానికోసారి వస్తోంది, దాన్ని రోజువారీ ఫైలులోకి మారిస్తే ఆరు రోజులు సున్నా, ఏడో రోజు వారం మొత్తం. రోజువారీ చార్ట్‌ని ఆ తేదీ దగ్గర కోసేయాలి.
2. జనాభా కాలమ్ అన్ని దేశాలకీ ఒకే ఏడాదిది కాదు. బల్గేరియా జనాభా ఏటా తగ్గుతోంది, ఏ ఏడాదిది వాడితే రేటు అలా మారుతోంది.
3. బూడిద గీతలు ఫోన్‌లో చూస్తే తెల్లగానే కనిపిస్తున్నాయి. టాంజానియా మళ్ళీ సున్నా అయిపోయింది.